నెలకు రెండున్నర వేల తేడా, ముగిసేసరికి పదిహేడు లక్షలు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఇంటి అప్పు మీదే. భోగాపురం ఎయిర్‌పోర్టు పుణ్యమా అని విజయనగరం చుట్టుపక్కల గజం ధర వింటేనే గుండె ఆగేలా ఉంది కాబట్టి ఆశ్చర్యం లేదు. మొదటి ఉత్తరానికి జవాబు కాస్త పొడుగు. మిగతావాళ్లు కూడా అది చదివాకే తమ జవాబు చూసుకుంటే మంచిది. లెక్కలు అక్కడే ఉన్నాయి.

ప్రశ్న: మేడమ్ గారికి నమస్కారం. మాది విజయనగరం. మా ఆయన ప్రభుత్వ ఆఫీసులో సీనియర్ అసిస్టెంట్, వయసు 38. చేతికొచ్చేది నెలకు 52 వేలు. నేను ఇంట్లో ట్యూషన్లు చెబుతాను. కంటోన్మెంట్ వైపు 32 లక్షలకు ఒక డబుల్ బెడ్‌రూమ్ ఫ్లాటు చూశాం. కట్టడం పూర్తయింది. మా దగ్గర 7 లక్షలున్నాయి, మిగతా 25 లక్షలు బ్యాంకు అప్పు. వడ్డీ 8.5 శాతం. 20 ఏళ్లకైతే నెలకు 21,696, 30 ఏళ్లకైతే 19,223 అన్నారు. ఇప్పుడు 9 వేలు అద్దె కడుతున్నాం. 'అద్దె మీద ఇంకో పది వేలు వేసుకుంటే ఇల్లే మీది' అంటున్నాడు బిల్డరు ఆఫీసు అబ్బాయి. ముప్పై ఏళ్లు పెట్టుకుంటే టెన్షన్ ఉండదని మా ఆయన అంటారు. అసలు అప్పే వద్దని మా మావగారు. డెబ్బై పైసల వడ్డీకి ఈ రోజుల్లో ఎవరిస్తారక్కా అని మా తమ్ముడు. ఎవరి మాట వినాలో చెప్పండి.
– పేరు వద్దన్న పాఠకురాలు, విజయనగరం

జవాబు: ముందు మీ తమ్ముడి మాట తీసుకుంటానమ్మా. మన జిల్లాల్లో వడ్డీని అందరం అలాగే చెప్పుకుంటాం. ఊళ్లో నోటు మీద అప్పు నూటికి రెండు రూపాయలు. బాగా నమ్మకమున్న మనిషికి రూపాయిన్నర. బ్యాంకువారి 8.5 శాతాన్ని ఆ లెక్కలోకి మారిస్తే నెలకు నూటికి 71 పైసలు. చవకే, మీ తమ్ముడు తప్పు చెప్పలేదు. అయితే రెండు రూపాయల అప్పును ఎవరూ ఇరవయ్యేళ్లు మొయ్యరు. వడ్డీ కుట్టినట్టు తెలుస్తుంటుంది కాబట్టి పంట చేతికి రాగానే, కొడుకు డబ్బు పంపగానే తీర్చేస్తారు. డెబ్బై పైసలది ఎక్కడా నొప్పి తెలియదు. అందుకే జీవితంలో సగం దానికే కడతాం.

ఇప్పుడు మీకు చెప్పిన రెండు వాయిదాలూ చూడండి. నెలకు 21,696 చొప్పున 240 నెలలు కడితే మొత్తం 52 లక్షల 7 వేలు. నెలకు 19,223 చొప్పున 360 నెలలు కడితే 69 లక్షల 20 వేలు. మీరు తీసుకునేది మాత్రం రెండింట్లోనూ అదే 25 లక్షలు. నెలకు 2,473 రూపాయలు మిగులుతున్నాయని ముప్పై ఏళ్లు ఎంచుకుంటే చివరికి 17 లక్షల 13 వేలు ఎక్కువ కడతారు.

ఇంత తేడా ఎలా వచ్చిందో మొదటి నెల వాయిదా విప్పి చూస్తే తెలిసిపోతుంది. 25 లక్షల మీద 8.5 శాతం చొప్పున ఒక నెల వడ్డీ 17,708 రూపాయలు. గడువు ఇరవయ్యేళ్లైనా, ముప్పై ఏళ్లైనా ఆ వడ్డీ మారదు. ఇరవయ్యేళ్ల అప్పులో ఆ వడ్డీ పోగా అసలులో తగ్గేది 3,988. ముప్పై ఏళ్ల అప్పులో తగ్గేది 1,515. అంటే వాయిదాలో మీకు తగ్గించి ఇచ్చిన 2,473 రూపాయల్లో బ్యాంకు తన వడ్డీలోంచి ఒక్క పైసా వదులుకోలేదు. మీ అసలు తీరడమే ఆ మేరకు వెనక్కి జరిగింది. అప్పు ఇచ్చే చోట ఈ ముక్క ఎవరూ చెప్పరు. చెప్పకూడదని రూలేమీ లేదు, ఎవరూ అడగరంతే. నేను బ్రాంచిలో లోన్ల సీటులో ఉన్నప్పుడు వచ్చినవాళ్లలో నూటికి తొంభై మంది 'నెలకెంత పడుతుంది?' అని మాత్రమే అడిగేవారు. 'మొత్తం ఎంత కడతాం?' అని అడిగినవాళ్లు గుర్తుండిపోయారు, అంత తక్కువ మంది.

ఇరవయ్యేళ్ల అప్పు కూడా మొదట్లో నత్తనడకే. ఐదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టారనుకోండి. మీ చేతిలోంచి 13 లక్షలు వెళ్లిపోయి ఉంటాయి. బాకీ ఎంత ఉంటుందో తెలుసా? 22 లక్షల 3 వేలు. ఐదేళ్లలో తీరిన అసలు మూడు లక్షలు కూడా లేదు. మిగతా పది లక్షలూ వడ్డీయే. ఈ ఐదో ఏటి స్టేట్‌మెంటు చేతిలో పట్టుకుని 'మీ బ్యాంకు మమ్మల్ని ముంచేసింది' అని కౌంటరు దగ్గర కేకలేసినవాళ్లను కూర్చోబెట్టి, మంచినీళ్లిచ్చి, ఆ కాగితం మీదే పెన్సిల్‌తో గీతలు గీసి చూపించేదాన్ని. మోసమేమీ ఉండదు. వడ్డీ ఎప్పుడూ మిగిలి ఉన్న బాకీ మీద పడుతుంది, మొదట్లో బాకీ కొండంత. మీ వాయిదాలో సగానికి మించి అసలుకు చేరడం మొదలయ్యేది పన్నెండో ఏడు చివర్లో. బ్యాంకువారు ఇచ్చే రీపేమెంట్ షెడ్యూలు అనే కాగితంలో ఇదంతా నెల నెలా రాసే ఉంటుంది. సంతకం పెట్టకముందే అడిగి తీసుకోండి. మొదటి పేజీ, ఐదో ఏడు, పదో ఏడు, ఈ మూడు చోట్ల బాకీ కాలమ్ చూస్తే చాలు.

ఇక అద్దె సంగతి. నెలకు 9 వేలు గంగలో కలుస్తున్నాయని మీ బాధ. మొదటి నెల కట్టే వడ్డీ 17,708 కూడా తిరిగొచ్చేది కాదు, అది అద్దెకు రెట్టింపు. దానికి తోడు ఇంటి పన్ను, ఫ్లాట్ల మెయింటెనెన్సు, మోటారు కాలిపోయిందని, లిఫ్టు ఆగిపోయిందని చందాలు. 'అద్దె మీద ఇంకో పది వేలు' అన్న అబ్బాయి లెక్కలో ఇవేవీ లేవు.

చేతిలో ఉన్న 7 లక్షలు కూడా సరిపోవు. మన రాష్ట్రంలో స్టాంపు డ్యూటీ 5 శాతం, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ 1.5, రిజిస్ట్రేషన్ ఫీజు 1, మొత్తం 7.5 శాతం. 32 లక్షల మీద 2 లక్షల 40 వేలు. ఇల్లు 10 లక్షలు దాటితే ఈ ఖర్చును ఇంటి ధరలో కలిపి అప్పు ఇవ్వడానికి నిబంధనలు ఒప్పుకోవు, మన జేబులోంచే పెట్టుకోవాలి. ప్రాసెసింగ్ ఫీజు, దాని మీద 18 శాతం జీఎస్టీ, లాయరు ఒపీనియన్, వాల్యుయేషన్, దస్తావేజులు బ్యాంకులో పెట్టినట్టు రిజిస్ట్రేషన్, ఇవి వేరే. కట్టడం పూర్తయి సర్టిఫికెట్ వచ్చిన ఫ్లాటు కాబట్టి జీఎస్టీ లేదు. ఆ సర్టిఫికెట్ కళ్లతో చూసే నమ్మండి. తర్వాత కప్‌బోర్డులు, ఫ్యాన్లు, కిటికీలకు మెష్‌లు, గృహప్రవేశం. అన్నీ కలిపి నా అంచనా ఐదు లక్షలు. ఆ ఐదు లక్షలు ఎక్కడి నుంచి తెస్తారు? చాలామంది పర్సనల్ లోన్ తీసుకుంటారు, లేదా ఆడవాళ్ల మెడలో ఉన్నది తాకట్టు పెడతారు. గృహప్రవేశం భోజనాల బాకీ మూడేళ్లు వాయిదాల్లో కట్టిన కుటుంబం నాకు తెలుసు.

ఇంటి అప్పుంటే ఇన్‌కమ్ ట్యాక్స్ కలిసొస్తుందనే మాట ఇప్పటికీ వినబడుతూనే ఉంది. ఆ మినహాయింపులు పాత పన్ను విధానంలో ఉన్నాయి. సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి కొత్త విధానంలో మినహాయింపు లేదు. పైగా 2025-26 నుంచి కొత్త విధానంలో 12 లక్షల ఆదాయం వరకు పన్నే పడదు. మీ ఆయన జీతం ఆ లోపే. లేని పన్నులో ఏం కలిసొస్తుంది?

ఇంత చెప్పానని కొనొద్దంటున్నానని అనుకోకండి. సొంతిల్లు అనేదానికి నెలవారీ లెక్కకు అందని విలువ ఉంది. పిల్లకి సంబంధాలు చూసే రోజున ఆ విలువ బాగా తెలుస్తుంది. ఇంకో మాట కూడా నిజం. మీ ఆయన జీతం పెరుగుతుంది, వాయిదా అంతగా పెరగదు. ఇప్పుడు 52 వేలలో 21,696 అంటే నూటికి 42 దాకా అవుతుంది, ఊపిరాడదు. పదేళ్లకు అంత బరువుండదు. అందుకే మీ మావగారి మాట పూర్తిగా తీసుకోలేను. ఆయన చూసిన అప్పులు రెండు రూపాయలవి.

నా సలహా ఇది. ఒక ఏడాది ఆగి ఆ ఐదు లక్షల్లో వీలైనంత కూడబెట్టండి. ఈ ఏడాదంతా 21,696 లోంచి అద్దె 9 వేలు తీసేసి మిగతా 12,700 ప్రతి నెలా ఆర్‌డీలో వేసి చూడండి. మీ ట్యూషన్ల డబ్బు దానికి తోడు వేయండి. వాయిదా కట్టగలరో లేదో పరీక్ష కూడా అయిపోతుంది. ఆ ఫ్లాటు పోతే ఇంకో ఫ్లాటు వస్తుంది, విజయనగరంలో అపార్ట్‌మెంట్లకేం కరువు లేదు. తీసుకునేటప్పుడు 20 ఏళ్లకే తీసుకోండి. ముప్పై ఏళ్లంటే మీ ఆయనకు 68 వస్తాయి. ఉద్యోగం 62 వరకే. చివరి ఆరేళ్లు పెన్షన్‌లోంచి కట్టాలి.

'ముప్పై ఏళ్లకు తీసుకుని ఎక్కువెక్కువ కట్టేస్తే పోలేదా' అని కొందరు తెలివైనవాళ్లు అంటారు. కాగితం మీద నిజమే. ముప్పై ఏళ్ల అప్పుకు నెల నెలా 21,696 కడితే ఇరవయ్యేళ్లకే తీరిపోతుంది, కష్టమొచ్చిన నెల తక్కువ కట్టుకునే వెసులుబాటూ ఉంటుంది. అలా క్రమం తప్పకుండా కట్టినవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. మిగిలిన రెండున్నర వేలు ముందు ఫోనుకి, తర్వాత బండికి, ఆ తర్వాత కాలేజీ ఫీజుకి పోతాయి.

బదులుగా ఇలా చేయండి. ఏడాదికి ఒక వాయిదా అదనంగా కట్టండి. పన్నెండుకు బదులు పదమూడు. సరెండర్ లీవు డబ్బులో, డీఏ బకాయిలో (వచ్చినప్పుడు, వస్తే) దానికి పనికొస్తాయి. ఆ ఒక్కదానితో 240 నెలల అప్పు 200 నెలలకు తీరుతుంది.

ప్రశ్న: నేను శ్రీకాకుళంలో ఒక ప్రైవేటు కాలేజీలో పనిచేస్తున్నాను. 2021లో ఒక ఫైనాన్స్ కంపెనీలో 20 ఏళ్లకు ఇంటి అప్పు తీసుకున్నాను. వడ్డీ పెరిగిందని మధ్యలో మెసేజ్‌లు వచ్చాయి కానీ వాయిదా పెరగలేదు, అందుకని పట్టించుకోలేదు. మొన్న యాప్‌లో చూస్తే చివరి వాయిదా 2049 అని ఉంది. 2041లో అయిపోవాలి కదా సార్?
– ఒక లెక్చరర్, బలగ, శ్రీకాకుళం

జవాబు: సార్ కాదు, మేడమ్. పర్లేదు.

వాయిదా పెరగలేదని సంబరపడ్డారు, గడువు పెరిగింది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రిజర్వు బ్యాంకు రెపో రేటు (బ్యాంకులకు అది అప్పిచ్చే వడ్డీ) 4 నుంచి 6.5 శాతానికి చేరింది. మీలాంటి ఫ్లోటింగ్ రేటు (మధ్యలో మారే వడ్డీ) అప్పులన్నీ దాని వెంట కదిలాయి. చాలా సంస్థలు వాయిదా ముట్టుకోకుండా గడువు సాగదీశాయి. కస్టమరు ఫోన్ చేసి తిట్టడు కాబట్టి వాళ్లకు అదే సుఖం.

మీ అంకెలు మీరు రాయలేదు కాబట్టి నేనే ఒక లెక్క వేస్తాను. బాకీ 24 లక్షలు, ఇంకా 18 ఏళ్లుంది, వడ్డీ 7 శాతం. వాయిదా 19,572. వడ్డీ 8 శాతమై వాయిదా అలాగే ఉంటే 18 ఏళ్లు కాస్తా 21 ఏళ్ల 4 నెలలవుతుంది. 9 శాతమైతే? 28 ఏళ్లు దాటుతుంది. ఎందుకంటే 24 లక్షల మీద 9 శాతం లెక్కన నెల వడ్డీయే 18 వేలు. మీరు కట్టే 19,572 లో అసలుకు మిగిలేది 1,572. అదే 18 ఏళ్లలోనే తీర్చాలంటే వాయిదా 22,475 చేసుకోవాలి, అంటే నెలకు 2,900 ఎక్కువ. చేసుకుంటే మొత్తం 48 లక్షల 55 వేలు కడతారు. చేసుకోకపోతే 66 లక్షలు.

మీకు తెలియకుండా ఇలా జరగకూడదనే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఒక ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, కొంత పెంచి కొంత సాగదీస్తారా అని అప్పు తీసుకున్నవాడిని అడగాలి. మూడు నెలలకోసారి ఎంత అసలు, ఎంత వడ్డీ వసూలైంది, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయి అని స్టేట్‌మెంటు ఇవ్వాలి. మీకు వచ్చిన ఆ మెసేజ్‌లలో ఒకటి బహుశా ఈ ప్రశ్నే అయి ఉంటుంది, ఇంగ్లీషులో, చివర్లో చిన్న అక్షరాలతో.

ఇప్పుడేం చేయాలి? ఒక కాగితం మీద రాసి ఇవ్వండి, నోటిమాట వద్దు. నా గడువు ఇన్ని నెలలు చేయండి, దానికి ఎంత వాయిదా అయితే అంత కడతాను అని. రెండోది, మీ రేటు దేనికి ముడిపెట్టి ఉందో అడగండి. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే ఫ్లోటింగ్ రేటు ఇంటి అప్పులు రెపో లాంటి బయటి కొలమానానికి ముడిపడి ఉండాలి, కనీసం మూడు నెలలకోసారి రేటు సరిచేయాలి. ఫైనాన్స్ కంపెనీలకు ఆ నియమం లేదు, వాళ్ల సొంత రేటు వాళ్లది. అందుకే పెరిగేటప్పుడు పరుగెత్తి, తగ్గేటప్పుడు కుంటుతుంది. 2025లో రెపో ఫిబ్రవరిలో 6.25, ఏప్రిల్‌లో 6, జూన్‌లో 5.5 అయింది. మీ రేటు అప్పటి నుంచి ఏ మాత్రం తగ్గిందో చూడండి. తగ్గకపోతే కొత్త కస్టమర్లకు ఇస్తున్న రేటు నాకూ ఇవ్వండని అడగండి. చిన్న ఫీజు తీసుకుని మారుస్తారు. కుదరదంటే ఏదైనా బ్యాంకుకు అప్పు మార్చుకోవచ్చు. ఫ్లోటింగ్ రేటు ఇంటి అప్పు తీర్చేసినందుకు పెనాల్టీ వేయకూడదు. కొత్త చోట ప్రాసెసింగ్, లాయరు, పత్రాల రిజిస్ట్రేషన్ ఖర్చులు మళ్లీ పడతాయి కాబట్టి రేటు తేడా అర శాతం లోపుంటే, ఆ తిరుగుడంతా దండగ.

రేటు తగ్గినప్పుడు వాయిదా తగ్గించమని మాత్రం అడగకండి. వాయిదా అలాగే వదిలేస్తే గడువు దానంతటదే వెనక్కి వస్తుంది.

ప్రశ్న: మాది పలాస. మా ఆయన జీడిపప్పు ఫ్యాక్టరీలో సూపర్‌వైజరు. 18 లక్షల ఇంటి లోన్ శాంక్షన్ అయింది కానీ కాగితంలో 18 లక్షల 60 వేలని ఉంది. ఆ 60 వేలు లోన్ ఇన్సూరెన్సు అట, తప్పనిసరట. 'వాయిదాలో 500 పెరుగుతుంది, అంతే' అన్నారు. తిత్లీ తుపానుకి మా రేకులన్నీ ఎగిరిపోయాయి, ఇన్సూరెన్సు ఉంటే మంచిదే అనిపిస్తోంది.
– ఒక గృహిణి, పలాస

జవాబు: అమ్మా, ముందు ఒక తేడా తెలుసుకోండి. ఆ 60 వేలు మీ ఇంటికి బీమా కాదు, మీ ఆయన ప్రాణానికి. తుపాను వచ్చి గోడ కూలితే ఆ పాలసీ నుంచి ఏమీ రాదు.

ఆయనకేమైనా అయితే అప్పు మీ మీద పడకుండా ఉండటానికి బీమా కావాల్సిందే, వద్దనను. కానీ ఫలానా చోటే, ఫలానా పాలసీయే తీసుకోవాలని ఎవరూ బలవంతం చేయకూడదు. ఆ 500 సంగతి కూడా చూద్దాం. 60 వేలు అప్పులో కలిపేస్తే దాని మీదా వడ్డీ పడుతుంది. 8.5 శాతం, 20 ఏళ్లకు నెలకు 521 రూపాయలు, మొత్తం 1 లక్షా 25 వేలు. విడిగా టర్మ్ పాలసీ (గడువులోపు మనిషి పోతేనే డబ్బిచ్చే బీమా) ఒకటి కోట్ చేయించి పోల్చుకోండి. లోన్ ఇన్సూరెన్సులో బాకీ తగ్గే కొద్దీ వచ్చే సొమ్ము తగ్గడం మామూలు. టర్మ్ పాలసీలో మొత్తం అలాగే ఉంటుంది, అప్పు వేరే బ్యాంకుకు మార్చుకున్నా చెదరదు. ఇప్పటికే సంతకం పెట్టేశారా? పాలసీ చేతికొచ్చిన 30 రోజుల్లోపు వద్దని రాసి ఇస్తే వెనక్కి తీసుకోవాలి, కొద్దిపాటి ఖర్చులు మినహాయించుకుంటారు. ఆ డబ్బు లోన్ ఖాతాలోకే జమ అయ్యేలా చూసుకోండి.

కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం అడగండి. 2024 అక్టోబరు నుంచి ఇంటి అప్పులకు అది ఇచ్చి తీరాలి. ఫీజులు, బీమా అన్నీ కలిపి నిజంగా పడే వార్షిక రేటు అందులో ఉంటుంది. బయట బోర్డు మీద 8.5 ఉండి ఈ కాగితంలో అంతకంటే బాగా ఎక్కువుంటే, మధ్యలో ఏం కలిపారో వేలు పెట్టి అడగండి.

ఇంటికి బీమా విడిగా తీసుకోండి. భారత్ గృహ రక్ష అనే పాలసీ 2021 ఏప్రిల్ నుంచి సాధారణ బీమా కంపెనీలన్నిటి దగ్గరా దొరుకుతోంది. అగ్నిప్రమాదం, తుపాను, వరద, భూకంపం అన్నీ అందులో వస్తాయి. స్థలం విలువకు కాకుండా కట్టుబడి ఖర్చుకు చేయించండి. స్థలాన్ని ఏ తుపానూ ఎత్తుకుపోదు. ఉద్దానంలో ఉండేవాళ్లకు దీని గురించి నేను ఇంతకంటే చెప్పాలా? 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున మీరు చూసే ఉంటారు.

ప్రశ్న: మేడమ్, నేను ఆర్మీలో హవల్దార్‌ని. మా ఊరు టెక్కలి దగ్గర. ఇంటి అప్పు బాకీ 22 లక్షలుంది, 15 ఏళ్లు మిగిలాయి, వడ్డీ 8.5. చేతికి 2 లక్షలు వచ్చాయి. దీంతో ఇంటి అప్పు కొంత తగ్గించుకుందామని ఉంది. ఊళ్లో ఒకరి దగ్గర అమ్మ రెండు రూపాయల వడ్డీకి లక్ష తీసుకుంది. 80 వేలు గోల్డ్ లోన్ ఉంది.

జవాబు: బాబూ, ఇంటి అప్పు జోలికి ఇప్పుడే వెళ్లకు. ఊళ్లో లక్షకు ఏడాదికి 24 వేలు వడ్డీ. ఇంటి అప్పులో అదే లక్షకు 8,500. ముందు ఆ నోటు తీర్చి, చింపించి, ఆ ముక్కలు అమ్మ చేతిలో పెట్టించు. తర్వాత బంగారం విడిపించు. మిగిలిన 20 వేలు అమ్మ ఖాతాలో ఉండనీ, నువ్వు బోర్డర్‌లో ఉంటే ఇక్కడ హాస్పిటల్ ఖర్చు అడిగి రాదు. నెల నెలా ఆ వడ్డీలకు పోయే డబ్బు ఇప్పుడు మిగులుతుంది కదా, దాన్ని ఇంటి అప్పుకు మళ్లించు.

మిగతా అప్పులేవీ లేనివాళ్ల కోసం నీ లెక్కే చెబుతాను. 22 లక్షల బాకీలో 2 లక్షలు ఒకేసారి కట్టి, వాయిదా పాతదే (21,664) ఉంచుకుంటే 29 నెలల ముందే అప్పు తీరుతుంది. మిగిలే వడ్డీ దాదాపు 4 లక్షల 40 వేలు. అదే 2 లక్షలు కట్టి గడువు అలాగే ఉంచి వాయిదా తగ్గించుకుంటే నెలకు 1,970 తగ్గుతుంది, మొత్తం మీద మిగిలే వడ్డీ లక్షా 55 వేలే. కట్టే రోజున కౌంటరులో 'టెన్యూర్ తగ్గించండి' అని రాసి ఇవ్వాలి. రాయకపోతే వాళ్లకు తోచింది చేస్తారు.

చీటీ పాడి ఇంటి అప్పు కట్టేస్తే ఎలా ఉంటుందని ఇంకో ఇద్దరు అడిగారు. మొదటి నెలల్లో పాడితే పోయే కసరు (పాటలో వదులుకునే సొమ్ము) చూసుకోండి. 71 పైసల అప్పు తీర్చడానికి రూపాయి పైన పడే డబ్బు తేవడం నాకు అర్థం కాని లెక్క.

ప్రశ్న: ఇంటి అప్పు మొత్తం తీర్చేసి రెండు నెలలైంది. దస్తావేజులు హెడ్డాఫీసు నుంచి రావాలంటూ తిప్పుతున్నారు. ఏం చేయాలి?
– ఒక రిటైర్డ్ ఉద్యోగి, బొబ్బిలి

జవాబు: అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో ఒరిజినల్ పత్రాలు ఇచ్చేయాలండి. 2023 డిసెంబరు 1 నుంచి ఇది నిబంధన. ఆలస్యం వాళ్ల వల్లే అయితే రోజుకు 5 వేల రూపాయలు మీకు చెల్లించాలి. ఈ ముక్క రాసి, తేదీ వేసి, బ్రాంచిలో ఇచ్చి రసీదు తీసుకోండి. చాలాసార్లు హెడ్డాఫీసు ఆ మర్నాడే దగ్గరైపోతుంది. 30 రోజుల్లో జవాబు రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు ఫిర్యాదు చేయండి. ఎలా చేయాలో 14448 కి ఫోన్ చేస్తే చెబుతారు.

పత్రాలు చేతికొచ్చాక ఇంకో పని మిగిలి ఉంటుంది. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో తనఖా రద్దు రిజిస్టరు చేయించి, కొత్త ఈసీ (ఆస్తి మీద ఉన్న లావాదేవీలు, తనఖాలు చూపే కాగితం) తీయించి చూడండి. బ్యాంకు పేరు అందులో రద్దైనట్టు పడకపోతే, రేపు ఇల్లు మీ అబ్బాయి పేర రాసేటప్పుడు మళ్లీ అదే బ్రాంచి చుట్టూ తిరగాలి. నెలన్నర తర్వాత సిబిల్‌లో (మన అప్పుల చరిత్ర రాసిపెట్టే సంస్థ రిపోర్టులో) కూడా ఆ అప్పు 'క్లోజ్డ్' అని వచ్చిందో లేదో చూసుకోండి.